లేదమ్మా, ఇవాళ లేదు

మే రెండో వారంలో అన్నయ్యా వదినా హైదరాబాద్ నుంచి వచ్చారు. బయట తిందామా అంటే అన్నయ్యకి చేపలు తప్ప ఇంకోటి తోచదు. నేను విజయవాడ ఆటోనగర్‌లో ఒక స్పేర్ పార్ట్స్ షాపులో లెక్కలు రాస్తాను. మా షాపు వెనక సందులో, రేకుల షెడ్డు కింద, ఆరు బల్లల చేపల హోటల్ ఒకటుంది. ఎనిమిదేళ్లుగా వారంలో రెండు మూడు రోజులు నా మధ్యాహ్నం భోజనం అక్కడే. వాళ్లిద్దరినీ నేరుగా అక్కడికే తీసుకెళ్లాను.

కూర్చుంటూనే అన్నయ్య "రెండు వంజరం ఫ్రై" అన్నాడు.

"లేదు బాబూ."

"పోనీ చందువా?"

"లేదు."

"పెద్ద రొయ్యలు?"

"లేవు. బొచ్చె పులుసుంది. చింతచిగురు, ఎండు రొయ్యల కూరుంది. శీలావతి ముక్కలు వేయించమంటే పది నిమిషాల్లో వేయించి పంపిస్తా."

అన్నయ్య నా మొహం చూశాడు, ఇంత ఎండలో తీసుకొచ్చింది దీనికా అన్నట్టు. బుద్ధిగా తిన్నాడు, బాగుందని కూడా అన్నాడు. కానీ మనసులో వంజరం అలాగే ఉండిపోయింది. ఆ రాత్రి తనే మమ్మల్ని ఊళ్లో ఒక పెద్ద రెస్టారెంటుకి తీసుకెళ్లాడు. పన్నెండు పేజీల మెనూ, పేజీ పేజీకీ ఫొటోలు. వంజరం ఉంది, చందువా ఉంది, పీతలున్నాయి, బొటనవేలంత లావు రొయ్యలున్నాయి. ఏది అడిగినా "ఉంది సార్". అన్నయ్య మొహం వెలిగిపోయింది. "చూశావా, హోటలంటే ఇట్టా ఉండాలి. అడిగింది లేదనకూడదు" అన్నాడు.

అప్పుడు నేనేం మాట్లాడలేదు. అంత ప్రేమగా తీసుకొచ్చి తినిపిస్తుంటే వాదన ఎందుకని ఊరుకున్నాను. కానీ రెండు నెలలుగా ఆ మాట నన్ను వదలడం లేదు. నా అభిప్రాయం సరిగ్గా దానికి ఎదురు. లేనప్పుడు లేదని చెప్పే హోటల్లోనే, ఉంది అన్న మాటని నేను నమ్ముతాను. రుచీ ధరా తర్వాత. ఇంతకాలం ఆ షెడ్డుకి వెళ్తున్నది ముందు ఇందుకేనని అన్నయ్య మాట విన్నాకే నాకూ తెలిసొచ్చింది. దాన్ని కాస్త తీరిగ్గా ఆలోచించి రాద్దామని కూర్చున్నాను.

బోర్డు మీద రాత

అక్కడ మెనూ కార్డు లేదు. గల్లా పక్కన గోడకి ఒక నల్లబోర్డు ముక్క వేలాడుతుంటుంది. బాబాయ్ (యజమానిని అందరం అలాగే పిలుస్తాం) పదకొండు గంటలకి సుద్దముక్క తీసుకుని ఆ రోజు ఉన్నవి రాస్తాడు. నాలుగు రకాలుంటే నాలుగు, రెండుంటే రెండు. ఏదైనా అయిపోగానే వంటగదిలోంచి ఆయన భార్య, మా అందరికీ పిన్ని, కేకేస్తుంది. ఆయన తడిగుడ్డ తీసుకుని ఆ ఒక్క పేరూ తుడిచేస్తాడు. రెండున్నరకల్లా బోర్డు మీద తడి మరకలు తప్ప ఏమీ మిగలవు. ఆలస్యంగా వచ్చినవాళ్లు గుమ్మంలోంచే బోర్డు చూసి వెనక్కి తిరుగుతారు. గొడవ పెట్టుకున్నవాళ్లని నేనింతవరకు చూడలేదు.

రాసే పద్ధతి కూడా ఒకటుంది. "బందరు పండుగప్ప". "కైకలూరు బొచ్చె". "ఏటి జెల్లలు". చేప పేరుకి ముందు అది వచ్చిన చోటు. ఈ బోర్డు చదివీ చదివీ సముద్రం సంగతీ, కృష్ణ సంగతీ నాకు షాపులో కూర్చునే తెలుస్తున్నాయి. వారం రోజులుగా బందరు పేరు కనపడలేదంటే సముద్రంలో వాయుగుండమో, వేటకి వెళ్లొద్దన్న హెచ్చరికో ఉన్నట్టు. బ్యారేజీ గేట్లెత్తి వరద వదులుతున్న రోజుల్లో ఏటి చేప ఉండదు.

2024 సెప్టెంబరు మొదట్లో ప్రకాశం బ్యారేజీ నుంచి 11 లక్షల క్యూసెక్కులు దాటి వరద పోయిన రోజులు గుర్తున్నాయి కదా. ఒక పక్క కృష్ణ, ఇంకో పక్క బుడమేరు. పిన్ని వాళ్ల అక్క ఇల్లు సింగ్‌నగర్‌లో నీళ్లలో మునిగింది. అప్పుడు బోర్డూ లేదు, హోటలూ తెరవలేదు. మళ్లీ తెరిచిన మొదటిరోజు వెళ్తే బోర్డు మీద "పప్పుచారు, కోడిగుడ్డు" అని ఉంది. చేపల హోటల్లో చేప లేదని రాసిపెట్టి, అయినా వచ్చినవాళ్లకి అన్నం పెడదామని తలుపు తీసుకుని కూర్చున్నారు ఇద్దరూ. ఆ బోర్డు వంక చూస్తూ తింటుంటే నాకు కళ్లు చెమర్చాయి.

ఇక మే నెల సంగతి. మన తీరంలో ఏటా ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా, 61 రోజులు, చేపలు గుడ్లు పెట్టే కాలమని వేట నిషేధం. బందరు రేవు గిలకలదిండిలో మరబోట్లన్నీ కట్టేసి ఉంటాయి. ఆ రెండు నెలలూ పస్తులుండకుండా మత్స్యకార కుటుంబాలకి ప్రభుత్వం ఇచ్చే సాయాన్ని 2025లో 20,000 రూపాయలు చేశారు కూడా. బాబాయ్ అన్నయ్యతో "లేదు బాబూ" అన్నది అందుకే. బందరులో బోటు కదలలేదు కాబట్టి ఆటోనగర్‌లో బల్ల మీదికి వంజరం రాలేదు.

పెద్ద రెస్టారెంటు మాట

మరి పెద్ద రెస్టారెంటులో వంజరం ఎలా వచ్చింది? ఇక్కడ వాళ్ల తరఫున కూడా ఆలోచించాలి. పడమటి తీరంలో నిషేధం జూన్ 1న మొదలై జూలై 31 దాకా ఉంటుంది. అంటే మే రెండో వారంలో మంగళూరులో, కొచ్చిలో బోట్లు తిరుగుతూనే ఉన్నాయి. అక్కడి చేప ఐసులో పెట్టుకుని మన దాకా రావచ్చు. లేదా మార్చిలో ఇక్కడే పట్టి ఫ్రీజర్లో పెట్టింది కావచ్చు. అందులో తప్పేమీ లేదు. పట్టిన వెంటనే శుభ్రంచేసి మైనస్ 18 డిగ్రీల్లో ఉంచిన చేప, రెండు రోజులు ఎండలో తిరిగిన "తాజా" చేప కంటే నిజంగా మేలు. పట్నంలో అన్ని కాలాల్లో అన్నీ కావాలనుకునేవాళ్లు ఉంటారు, వాళ్లకి పెట్టేవాళ్లూ ఉంటారు.

కానీ ఆ రాత్రి నేను ఆర్డరు తీసుకునే కుర్రాణ్ణి ఒక్క ప్రశ్న అడిగాను. "ఈ వంజరం ఎక్కడిది బాబూ?"

"ఫ్రెష్ మేడమ్. పొద్దునే బందరు నుంచి వచ్చింది."

తెరచాప పడవలకీ, తెడ్ల పడవలకీ నిషేధం వర్తించదు. ఒడ్డు దగ్గర దొరికే కాసిని చేపలు ఆ రోజుల్లోనూ వస్తాయి. పన్నెండు పేజీల మెనూ నింపేంత మాత్రం రావు. ఆ కుర్రాడి మీద నాకు కోపం లేదు. ఇరవై ఏళ్లు కూడా ఉండవు, చెప్పమన్నది చెప్పాడు. ఐసు చేప అని చెప్పినా అన్నయ్య తినేవాడే, నేనూ తినేదాన్నే. ఆ చేప ఎక్కడిదో అక్కడ ఎవరికీ తెలియనక్కర్లేదు అన్న ఏర్పాటు ఉంది చూశారూ, నా బాధ దాంతోనే. మెనూలో పేరు అచ్చయిపోయింది, ధర అచ్చయిపోయింది, ఇక 365 రోజులూ అది ఉండి తీరాలి. ఉండి తీరాలన్నప్పుడు ఎక్కడిదో, ఎప్పటిదో అడగడం మానేస్తారు. ముందు కొనేవాడు మానేస్తాడు, తర్వాత వండేవాడు, చివరికి మనం.

చెరువు చేప, చింతచిగురు

నిషేధం రోజుల్లో బాబాయ్ బోర్డు మీద ఉండేవి ఎక్కువగా చెరువు చేపలే. మన రాష్ట్రం చేపల్లోనూ, రొయ్యల్లోనూ దేశంలో మొదటి స్థానంలో ఉందని గర్వంగా చెప్పుకుంటాం. తినే దగ్గరికి వచ్చేసరికి చెరువు చేపంటే చిన్నచూపు. "మట్టి వాసన" అంటారు. కైకలూరు, ఆకివీడు నుంచి లారీల్లో ఐసు మధ్య కలకత్తా వెళ్లిన బొచ్చెల్ని అక్కడివాళ్లు అపురూపంగా తింటారు, మనం ముక్కు చిట్లిస్తాం.

ఆ వాసన నిజమే. చెరువు నీళ్లలో పెరిగే ఒక రకం నాచు వల్ల జియోస్మిన్ అనే పదార్థం తయారై చేప ఒంట్లోకి చేరుతుంది. తొలకరికి నేల తడిసినప్పుడు వచ్చే వాసన కూడా దానిదే. పులుపు తగిలితే అది విరిగిపోతుంది. పిన్నికి ఈ రసాయనం పేరు తెలియదు. ముక్కల్ని కల్లుప్పు, పసుపు వేసి గరుకు బండ మీద రుద్ది, పుల్లమజ్జిగలో ఓ పావుగంట నానబెట్టి, కడిగి, చిక్కటి చింతపండు పులుసులో దించుతుంది. వెడల్పాటి గిన్నె. ముక్కలు వేశాక గరిటె పెట్టదు. రెండు చెవులూ గుడ్డతో పట్టుకుని గిన్నెనే ఓ చుట్టు తిప్పుతుంది, ముక్క చెదరకుండా పులుసు అన్నింటికీ పట్టేలా. ఇన్నేళ్లలో ఆ పులుసులో నాకు మట్టి వాసన తగిలింది ఒక్కసారే, అది కూడా వానాకాలంలో. ఆ రోజు చెబితే పిన్ని గిన్నెలోంచి ఓ చుక్క అరచేతిలో వేసుకుని నాకి చూసి, "నిజమేనమ్మా" అంది. బాబాయ్ వెళ్లి బోర్డు మీద ఆ పేరు తుడిచేశాడు. సగం గిన్నె పులుసు అలాగే ఉండగా.

చింతచిగురూ, ఎండు రొయ్యలూ కూడా అంతే, వేసవి వంట. సముద్రం మూతపడ్డ రోజులూ, చింతచెట్టు చిగురేసే రోజులూ ఇంచుమించు ఒక్కటే కావడం నాకు భలే ఇష్టం. ఎండు రొయ్యల్ని ఉత్త మూకుడులో వేయించి, తలలూ మీసాలూ నలిపి, చెరిగి, కడుగుతారు. చిగురుని రెండు అరచేతుల మధ్య నలిపి వేస్తారు. అమ్మ చేసేటప్పుడు ఆ నలిపిన చేతులు నేను వాసన చూసేదాన్ని. మే నెలలో ఇంత రుచి ఇక్కడే ఉంటే, మంగళూరు నుంచి వంజరం ఎందుకు రావాలో నాకు అర్థం కాదు. అన్నయ్య ఆ రోజు రెండోసారి వడ్డించుకున్నది ఆ కూరే. తనకి గుర్తుందో లేదో.

చెరువు చేప గురించి ఇంత చెప్పాక కొల్లేరు గురించి చెప్పకపోతే దొంగతనం చేసినట్టుంటుంది. సరస్సుని చుట్టుముట్టి చెరువులు తవ్విన కథా, 2006లో ఆ గట్లు కొట్టించిన కథా మనవాళ్లకి కొత్త కాదు. కొల్లేరు పక్కనున్న కైకలూరు బొచ్చె తింటున్నానంటే ఆ తగువులో నేనూ ఉన్నట్టే. అయితే బోర్డు మీద కైకలూరు అని రాసి ఉంది కాబట్టే నాకా ఆలోచన వస్తుంది. "ఫిష్ కర్రీ" అని ఉంటే కొల్లేరు గుర్తుకే రాదు.

నా వాదనలో బలహీనత

ఇదంతా చదివి, నేను ఆ దంపతుల్ని దేవుళ్లని చేస్తున్నానని మీకనిపించవచ్చు. నాకూ ఆ అనుమానం వచ్చింది. అందుకే అన్నయ్య వెళ్లిన మర్నాడు బాబాయ్‌ని అడిగాను, "ఫ్రీజర్ పెట్టుకుంటే అన్ని రోజులూ వంజరం ఉంచొచ్చుగా బాబాయ్, ఎందుకు పెట్టరు" అని. తాజాదే పెట్టాలన్నది ఆయన నియమమని చెబుతాడనుకున్నాను.

"డబ్బులెక్కడివమ్మా? పెద్దది కొనాలంటే అప్పు చెయ్యాలి. కరెంటు బిల్లొకటి. కరెంటు పోతే సరుకంతా పోయె" అన్నాడు.

ఎనిమిదేళ్లు నేను ఏదో నిష్ఠ అనుకున్నది, కొంతవరకు లేమి. ఇది ఒప్పుకోవాల్సిన విషయం. రెండున్నరకి హోటల్ మూసేయడం కూడా అంతే. పిన్ని తెల్లవారుజామున నాలుగింటికి లేస్తుంది. జెల్లలు బాగుచేసేటప్పుడు ముందు వాటి ముళ్లు విరవాలి, పొరపాటున గుచ్చుకుంటే చెయ్యి మొత్తం సలుపుతుంది. ఆవిడ కుడిచేతి వేళ్ల మీద తెల్లటి మచ్చలు వరసగా ఉంటాయి. సాయంత్రం కూడా వండే ఓపిక ఆ ఒంట్లో లేదు. వాళ్లబ్బాయి డిప్లొమా చదివి చెన్నైలో ఉద్యోగం చేసుకుంటున్నాడు, తిరిగొచ్చి ఈ పొయ్యి దగ్గర నిలబడడు, నిలబడాలని వాళ్లు కోరుకోవడమూ లేదు. ఇలాంటి చోట్లు పదికాలాలు ఉండాలని నేను అనడం తేలిక. ఉంచాల్సింది ఆ చేతులు.

శుభ్రత గురించి కూడా దాచను. గోడకి పద్నాలుగు అంకెల నంబరుతో ఆహార భద్రత రిజిస్ట్రేషన్ కాగితం ఫ్రేము కట్టించి పెట్టారు కానీ, చేతులు కడుక్కునే చోట ముళ్లు పేరుకుపోయి నీళ్లు నిలిచేవి. రెండేళ్లు చెప్పగా చెప్పగా జాలీ వేయించారు. బాత్రూమ్ ఇప్పటికీ లేదు. నాకైతే పక్కనే షాపుంది. పిల్లల్ని వెంటబెట్టుకుని వచ్చిన ఆడవాళ్ల సంగతేంటి? మొదట్లో నేను వెళ్లినప్పుడు అక్కడ ఆడమనిషినంటూ నేనొక్కదాన్నే. మెకానిక్‌లు, లారీ డ్రైవర్లు, క్లీనర్లు. నేను లోపలికి రాగానే మాటలు ఆగిపోయేవి. పిన్ని నా బల్లని వంటగది గుమ్మం పక్కకి జరిపించింది. అక్కడ కూర్చుంటే ఆవిడ మాట్లాడుతూ వండేది, నేను వింటూ తినేదాన్ని. ఇప్పుడు పక్క షాపుల అమ్మాయిలు నలుగురైదుగురు వస్తున్నారు. అయినా పెద్ద రెస్టారెంటుకి వదిన ఏ బెరుకూ లేకుండా వెళ్లగలిగింది, ఇక్కడ చీర కుచ్చిళ్లు ఎత్తి పట్టుకుని నడిచింది. ఈ విషయంలో అన్నయ్య మాటే నెగ్గుతుంది, నేను కాదనను.

ఇంకో మాట. చేప విషయంలో శుభ్రత అంటే నేల తళతళలాడటం ఒక్కటే కాదు. కానాగంతల లాంటి చేపల్ని పట్టిన దగ్గర్నుంచి ఐసులో ఉంచకపోతే వాటిలో హిస్టమైన్ పేరుకుంటుంది. తర్వాత ఎంత ఉడికించినా, ఎంత వేయించినా అది పోదు. ఒళ్లంతా ఎర్రబడి దద్దుర్లొస్తాయి. ఏసీ గదిలో తిన్నా అంతే, రేకుల కింద తిన్నా అంతే. కాబట్టి ఆ చేప ఎప్పుడు పట్టారు, ఎలా తెచ్చారు అన్న ప్రశ్నకి జవాబు చెప్పగలిగే మనిషి ఉండటం కూడా శుభ్రతలో భాగమే. బాబాయ్ మార్కెట్లో మొప్పలు ఎత్తి చూడకుండా ఒక్క చేపా కొనడు. కన్ను లోపలికి పోయిందా, వేలితో నొక్కితే గుంట నిలిచిందా, పక్కన పెట్టేస్తాడు. ఒకసారి ఆదివారం నేనూ వెంట వెళ్లాను. నలభై నిమిషాలు తిరిగి ఆరు కిలోలు కొన్నాడు.

ముప్పై కౌంట్

2025 ఆగస్టులో అమెరికా మన సరుకు మీద సుంకం 50 శాతానికి పెంచినప్పుడు, ఆటోనగర్‌లో రొయ్యల మాట తప్ప ఇంకో మాట లేదు. రొయ్యల కంటైనర్లు తోలే డ్రైవర్లు మా సందులోకే రిపేర్లకి వస్తారు. ఒకరోజు నా ఎదురుగా కూర్చున్నాయన, యాభై ఏళ్లుంటాయి, భీమవరం వైపు నుంచి విశాఖ పోర్టుకి పదకొండేళ్లుగా రొయ్యలు చేరవేస్తున్నానన్నాడు. రొయ్యల్ని కౌంట్ లెక్కన కొంటారు, కిలోకి ఎన్ని తూగితే అంత కౌంట్. ముప్పై కౌంట్ అంటే పెద్దవి, వంద కౌంట్ అంటే చిన్నవి.

ఆ రోజు బోర్డు మీద "రొయ్యలు, 30 కౌంట్" అని ఉంది. ఎగుమతి మందగించి ధర పడిపోవడంతో బాబాయ్‌కి మొదటిసారి అందాయవి. మామూలుగా ఆయన తెచ్చేది వంద కౌంటే. డ్రైవరు ఇగురు తెప్పించుకుని, ఒక రొయ్యని వేళ్లతో పట్టుకుని కాసేపు చూశాడు. "మోయడమే గానీ, తినడం ఇదే మొదలమ్మా" అన్నాడు నాతో.

ఆ రైతుల నష్టం గురించి నాకు బాధే. మా షాపుకి రావాల్సిన బాకీలు కూడా ఆ నెల ఆగాయి. కానీ ఆ మనిషి తినడం చూశాక మనం పెంచిందాన్ని మన ఊళ్లో, మన ధరకి, మన బల్ల మీద తినడం అనేది ఏదో ఒక ఆపదలో మాత్రమే జరగడం సరైంది కాదనిపించింది. ఆ తర్వాత ముప్పై కౌంట్ మళ్లీ బోర్డు మీద కనపడలేదు.

పేరు ఎందుకు రాయలేదంటే

రెండేళ్ల క్రితం ఒక కుర్రాడు ఫోను పట్టుకుని వచ్చి వీడియో తీసుకెళ్లాడు. మంచివాడే, మెచ్చుకుంటూనే పెట్టాడు. వారం తిరక్కుండా సందంతా బైకులు. పన్నెండున్నరకే బోర్డు ఖాళీ. రోజూ వచ్చే మెకానిక్‌లకి అన్నం లేదు. కొత్తగా వచ్చినవాళ్లు "గుంటూరు నుంచి వచ్చాం, లేదంటే ఎలా" అని గల్లా దగ్గర నిలదీశారు. ఆ మూడు వారాల్లోనే మొదటిసారి పిన్ని పులుసులో నీళ్లు కలపడం చూశాను. నాకు ఎదురుపడ్డప్పుడు ఆవిడే తల దించుకుంది. జనం తగ్గాక మళ్లీ మామూలైంది. అందుకే పేరు రాయడం లేదు, ఫొటో పెట్టడం లేదు. మీ ఊళ్లో, మీ సందులో ఇలాంటిది ఇంకోటి ఉండే ఉంటుంది.

అదే రోజుల్లో ఒకాయన పులస కావాలని వచ్చాడు. ఎంతైనా ఇస్తానన్నాడు. పుస్తెలమ్మి అయినా పులస తినాలని సామెత ఉండనే ఉంది. ఎక్కడో సముద్రంలో పట్టిన ఇలసని పులసగా చెప్పి అమ్మడం కూడా అందరికీ తెలిసిందే. బాబాయ్‌కి ఆ నెల చిట్టీ కట్టాల్సి ఉందని నాకు తెలుసు. "అది గోదారికి ఎర్రనీరొచ్చినప్పుడు ఎదురీదేది బాబూ. ఇక్కడ నేను ఇలస తెచ్చి పులసంటే మీకు తెలియదు గానీ, నాకు తెలుస్తుంది గదా" అన్నాడు. ఫ్రీజర్ కొనడానికి డబ్బుల్లేక అన్న మాట ఎంత నిజమో, ఇదీ అంత నిజం. లేమి వల్లే లేదంటున్నాడనుకుందామంటే, డబ్బులొచ్చే చోట కూడా అదే మాట అన్నాడు.

ఫ్రీజర్ వచ్చింది

జూన్ మూడో వారంలో, నిషేధం తీసేసి బోట్లు బయల్దేరాక, వాళ్లబ్బాయి చెన్నై నుంచి డబ్బు పంపితే ఫ్రీజర్ కొన్నారు. తెల్లగా, మనిషి పట్టేంత పొడవుది, గల్లా వెనక పెట్టారు. నిజం చెబుతున్నాను, చూడగానే నాకు టెన్షన్ వచ్చింది. ఇక అన్నీ ఎప్పుడూ ఉంటాయి. బోర్డు తుడవక్కర్లేదు. కొన్నాళ్లకి బోర్డు తీసేసి ప్లాస్టిక్ కార్డు అచ్చు వేయిస్తారు. రెండు రోజులు అటు వెళ్లలేదు.

మూడోరోజు వెళ్లాను. బోర్డు అక్కడే ఉంది.

"బందరు మాగ, ఇవాళ్టిది. బందరు వంజరం, ఐసుది. బొచ్చె పులుసు, నిన్నటిది."

ఐసు వంజరానికి పది రూపాయలు తక్కువ వేశాడు. అన్నిటికంటే ముందు తుడిచిన పేరు నిన్నటి పులుసు. ముక్కకి పులుపు పట్టి ఊరిన పులుసు రుచి తెలిసినవాళ్లు పదకొండున్నరకే వచ్చి అది అడిగి తినేసి వెళ్లారు. నేను ఐసు వంజరం తీసుకున్నాను. ముక్క కొంచెం పీచుగా ఉంది. ఆ మాట బాబాయ్‌కి చెప్పాను. "ఐసుది గదమ్మా, అట్టాగే ఉంటది" అని బోర్డు వైపు వేలు చూపించాడు.

మొన్న ఆదివారం అన్నయ్య ఫోన్ చేశాడు. పిల్లల చదువులూ, అమ్మ మోకాలి నొప్పీ అన్నీ అయ్యాక, "అవునూ, ఆ రేకుల షెడ్డు ఆయన దగ్గర చింతచిగురు కూర తిన్నాం చూడు. వచ్చే శనివారం నేనొక్కణ్ణే పని మీద వస్తున్నా. ఉంటుందా?" అన్నాడు.

"లేదన్నయ్యా. చిగురు ముదిరిపోయింది."

"మరేముంది?"

"శనివారం పొద్దున బోర్డు చూసి చెబుతా" అన్నాను.